ఎండ ముదిరితే తప్పు సూర్యుడిదేనా?

(ప్రసంగ పాఠం)

అందరికీ నమస్కారం.

మే నెల వచ్చిందంటే మన ఊళ్లలో వినిపించే మాట ఒకటుంది: "ఈ ఏడు సూర్యుడు మండిపోతున్నాడు." రోహిణి కార్తెకు రోళ్లు పగులుతాయని సామెత కూడా ఉండనే ఉంది. ముందు ఆ రోళ్ల సంగతే తేల్చుకుందాం. మే 25 ప్రాంతంలో రోహిణి కార్తె మొదలయ్యేసరికి భూమి సూర్యుడికి దూరం జరుగుతూ ఉంటుంది. బాగా దగ్గరకు వచ్చేది జనవరి మొదటి వారంలో, బాగా దూరమయ్యేది జులై మొదటి వారంలో. గాలి పొర దాటి పైకి వెళ్లి, సూర్యుడికి ఎదురుగా చదరపు మీటరు పలక ఒకటి పట్టుకుంటే సంక్రాంతి నాడు దాని మీద సుమారు 1406 వాట్లు పడతాయి. రోహిణి కార్తె మొదటి రోజున 1326 వాట్లే. దుప్పట్లు కప్పుకునే రోజుల్లోనే సూర్యుడు మనకు 6 శాతం ఎక్కువ ఇస్తున్నాడన్నమాట. మన ఎండలు ముదరడానికి కారణాలు వేరే: సూర్యుడు నడినెత్తికి వస్తాడు, పగలు పొడుగవుతుంది, నేలలో తడి ఉండదు. హైదరాబాదులో మే 9 ప్రాంతంలో మిట్టమధ్యాహ్నం నిలువు కర్రకు నీడే పడదు.

ఈ లెక్క మొదట్లోనే ఎందుకు చెప్పానంటే, సూర్యుడి గురించి ఇంటర్నెట్లో తిరిగే గ్రాఫులు చాలావరకు ఇక్కడే బోల్తా పడతాయి. కొలతల ఫైలు తెరిస్తే రెండు వరసలుంటాయి. ఒకటి భూమి ఆ రోజు ఉన్న అసలు దూరంలో పడిన శక్తి, రెండోది సగటు దూరానికి సరిచేసిన శక్తి. మొదటి వరసలో ఏడాదికి దాదాపు 7 శాతం ఎగుడుదిగుడు కనిపిస్తుంది. అది భూమి నడక, సూర్యుడికి దాంతో పని లేదు. సూర్యుడిలో వచ్చే మార్పు కావాలంటే రెండో వరసే తీసుకోవాలి. అక్కడ మనం వెతుకుతున్నది 0.1 శాతం. తప్పు వరస తీసుకుంటే గాలివానలో గుసగుస వినాలని కూర్చున్నట్టే.

ఆ 0.1 శాతాన్ని ఎలా కొలుస్తారు? నేల మీద నిలబడి కుదరదు. మబ్బు, దుమ్ము, తేమ అన్నీ అడ్డం. అందుకే నమ్మదగిన కొలత 1978 నవంబరులో నింబస్-7 ఉపగ్రహంతోనే మొదలైంది. అంతకు ముందు సూర్యుడి నుంచి మనకు చేరే ఈ శక్తిని సౌర స్థిరాంకం అనేవాళ్లు. స్థిరం కాదని తేలాక కూడా పాఠ్యపుస్తకాల్లో ఆ పేరు పోలేదు.

పరికరం ఊహ చాలా సులువు. లోపల నల్లగా ఉన్న గరాటు లాంటి గుంత ఒకటి. దానికి చిన్న హీటరు చుట్టి, ఉష్ణోగ్రత అసలు మారకుండా పట్టి ఉంచుతారు. ముందున్న మూత తెరవగానే ఎండ లోపలికి పడుతుంది. ఎండ ఎంత వేడి తెచ్చిందో, హీటరు సరిగ్గా అంత తగ్గించుకోవాలి. కరెంటు ఎంత తగ్గిందో కొలిస్తే ఎండ ఎంత పడిందో తెలిసినట్టే. 2003లో వెళ్లిన సోర్స్ ఉపగ్రహంలోని పరికరానికి వెలుగు దూరే రంధ్రం అర చదరపు సెంటీమీటరు. లోపలికి వచ్చే శక్తి సుమారు 68 మిల్లీవాట్లు. మూత 50 సెకన్లు తెరిచి, 50 సెకన్లు మూసి, తేడా చూస్తూ పోతుంది.

ఇప్పుడు చిక్కు చెబుతాను. ఆ పరికరం 1361 వాట్లు చూపించింది. అప్పటిదాకా పాత పరికరాలన్నీ 1365, 1366 అంటున్నాయి. నాలుగైదు వాట్ల తేడా. సూర్యుడు సుమారు 11 ఏళ్లకోసారి పెరిగి తగ్గే సౌరచక్రం మొత్తంలో వచ్చే మార్పు ఒక వాటే కాబట్టి ఇది చిన్న విషయం కాదు. కారణం రంధ్రం దగ్గర దొరికింది. పాత పరికరాల్లో ముందు పెద్ద రంధ్రం, లోపల గుంతకు దగ్గరగా కొలత రంధ్రం ఉండేవి. పెద్ద రంధ్రంలో దూరిన అదనపు వెలుగు అటూఇటూ తగిలి చెదిరి, కొంత గుంతలో పడేది. కొత్తదానిలో కొలత రంధ్రాన్నే ముందుకు తెచ్చారు. ప్రయోగశాలలో పక్కపక్కన పెట్టి చూస్తే తక్కువ అంకెదే ఒప్పని తేలింది. సూర్యుడు చల్లబడలేదు, తక్కెడ సరిచేశారు. పాత అంకెల పక్కన కొత్త అంకెలు అతికించి "2003 నుంచి సూర్యుడు పడిపోయాడు" అని గీసిన బొమ్మ మీకు ఎదురైతే సంగతి ఇదని గుర్తుపెట్టుకోండి.

ప్రతి పరికరానికీ ఇలా తనదైన తేడా ఉంటుంది. కాబట్టి పాతది ఆగిపోయేలోపే కొత్తది పైకి వెళ్లాలి, కొంతకాలం రెండూ కలిసి కొలవాలి. 1986లో ఛాలెంజర్ ప్రమాదంతో ప్రయోగాలు వెనక్కి జరిగాయి. 1989లో ఒక మంచి పరికరం ఆగిపోయింది, దాని వారసుడు 1991లో గానీ ఎక్కలేదు. ఆ రెండేళ్ల సందును నాసిరకం కొలతలతో పూడ్చాల్సి వచ్చింది. ఎలా పూడ్చారన్నదాన్ని బట్టి, 1986 కనిష్ఠం నుంచి 1996 కనిష్ఠానికి సూర్యుడు పిసరంత పెరిగాడని ఒక జట్టు, పెరగలేదని మరో జట్టు. ఏళ్ల తరబడి సాగిన ఆ వాదనకు మూలం ఆ రెండేళ్లే.

ఇక సూర్యుడి దగ్గరికి వద్దాం. సూర్యుడి మీద నల్ల మచ్చలు సుమారు పదేళ్లకోసారి పెరిగి తగ్గుతాయని 1840లలో జర్మనీకి చెందిన హైన్రిక్ ష్వాబే చెప్పాడు, తర్వాతి లెక్కల్లో అది సుమారు 11 ఏళ్లని తేలింది. మచ్చ అంటే బలమైన అయస్కాంత క్షేత్రం కింది నుంచి వచ్చే వేడికి అడ్డుపడ్డ చోటు. చుట్టూ ఉపరితలం 5800 కెల్విన్ల దగ్గర ఉంటే మచ్చ నడుమ 4000 ప్రాంతంలో ఉంటుంది. చల్లగా ఉంది కాబట్టి నల్లగా కనిపిస్తుంది. మరి మచ్చలు ఎక్కువైతే సూర్యుడు మసకబారాలి కదా? కొన్ని రోజుల లెక్కలో నిజమే. 2003 అక్టోబరు చివర్లో పెద్ద మచ్చల గుంపు మన వైపు తిరిగినప్పుడు సూర్యుడి శక్తి 0.3 శాతం పైగా పడింది, అంటే నాలుగు వాట్లు. కానీ మచ్చల చుట్టూ తెల్లగా మెరిసే చాళ్లుంటాయి, ఫాక్యులే అంటారు. అవి మచ్చకన్నా చాలా ఎక్కువ చోటు ఆక్రమిస్తాయి, మచ్చ కరిగిపోయాక కూడా కొన్ని వారాలు నిలుస్తాయి. ఏడాది సగటు కడితే ఆ మెరుపుదే పైచేయి. అందుకే మచ్చలు ఎక్కువున్న ఏడాదిలో సూర్యుడు కాస్త ప్రకాశవంతం, ఒక వాటు ఎక్కువ.

ఆ ఒక వాటు భూమిని ఎంత వేడెక్కిస్తుంది? ఇక్కడ కాగితం తీసుకోండి, లెక్క మీరే కట్టొచ్చు. భూమి సూర్యుడికి అడ్డంగా పట్టేది ఒక పళ్లెం అంత వైశాల్యం, ఆ వెలుగు పంచుకోవాల్సింది మొత్తం గోళం. గోళం వైశాల్యం పళ్లేనికి నాలుగు రెట్లు. ఒక వాటును నాలుగుతో భాగిస్తే 0.25. అందులో 30 శాతం మబ్బులు, మంచు, ఇసుక తిప్పి పంపేస్తాయి. మిగిలింది 0.17 వాట్లు. చాలామంది ఈ రెండు మెట్లూ ఎక్కకుండా ఒక వాటును నేరుగా కార్బన్ డయాక్సైడ్ భూమి మీద పట్టి ఉంచే వాట్ల పక్కన పెట్టి పోలుస్తారు. ఆరు రెట్లు తప్పు అక్కడే వచ్చేస్తుంది.

ఇప్పుడు రెండో పక్క. పరిశ్రమలు రాకముందు గాలిలో కార్బన్ డయాక్సైడ్ పది లక్షల పాళ్లలో 280 దాకా ఉండేది. 2024 సగటు సుమారు 424. ఈ రెండింటి నిష్పత్తికి సహజ సంవర్గమానం తీసి 5.35తో గుణిస్తే సుమారు 2.2 వాట్లు. ఇది ఇప్పటికే భాగించిన లెక్క, మళ్లీ నాలుగుతో భాగించనక్కర్లేదు. అదీ ఇప్పుడు ఏడాదికి సుమారు 0.03 చొప్పున పెరుగుతోంది. సౌరచక్రం అడుగు నుంచి కొసకు చేరడానికి పట్టే నాలుగైదేళ్లలో ఎంత ఇస్తుందో, దాదాపు అంతే కార్బన్ డయాక్సైడ్ ఐదారేళ్లలో కలుపుతుంది. తేడా ఏమిటంటే, సూర్యుడు ఇచ్చింది ఆ తర్వాత వెనక్కి తీసుకుంటాడు.

ఆ 0.17 వాట్లకు భూమి సగటు ఉష్ణోగ్రత 0.1 డిగ్రీ ప్రాంతంలో ఊగుతుంది. సముద్రాలు అంత నీటిని వేడెక్కించాలి కాబట్టి పూర్తి ప్రభావం బయటపడేలోపే చక్రం తిరగబడుతుంది. చిన్నదే గానీ లేనిది కాదు, కొలవగలిగినదే. "సూర్యుడికి ఏ సంబంధమూ లేదు" అనేవాళ్లదీ తప్పే.

ఒక ముఖ్యమైన మెలిక ఉంది. 0.1 శాతం అన్నది మొత్తం వెలుగుకు సగటు. రంగు రంగుకూ మార్పు వేరు. అతినీలలోహిత కిరణాల్లో, 200 నానోమీటర్ల దగ్గర, చక్రంలో వచ్చే మార్పు ఆరేడు శాతం ఉంటుంది. ఆ కిరణాలు నేల దాకా రావు, పైన ఓజోన్ పొరలోనే ఆగిపోతాయి. అక్కడ ఆక్సిజన్‌ను విడగొట్టి ఓజోన్‌ను పెంచుతాయి, పెరిగిన ఓజోన్ ఇంకొంచెం కిరణాలను మింగుతుంది. ఉష్ణమండలం పైన, 50 కిలోమీటర్ల ఎత్తులో, గరిష్ఠానికీ కనిష్ఠానికీ సుమారు ఒక డిగ్రీ తేడా వస్తుంది. అక్కడి వేడి మారితే పైగాలుల వేగం మారుతుంది, ఆ కదలిక చలికాలంలో ధ్రువం చుట్టూ తిరిగే గాలి సుడికి తగులుతుంది. సూర్యుడు మందకొడిగా ఉన్న చలికాలాల్లో ఉత్తర యూరప్‌కు చలి ముదిరే అవకాశం కొంత పెరగడం ఈ దారినే. గమనించండి: అది భూమంతా చల్లబడడం కాదు. ఒకచోట చలి పెరిగితే గ్రీన్‌లాండ్ వైపు అదే సమయంలో వెచ్చగా ఉండొచ్చు. ప్రపంచ సగటు చూసేవాడికి ఏమీ కనబడదు, బెర్లిన్‌లో ఉన్నవాడికి మాత్రం కనబడుతుంది.

1645 నుంచి 1715 దాకా డెబ్భై ఏళ్లు సూర్యుడి మీద మచ్చలు దాదాపు మాయమయ్యాయి. మౌండర్ కనిష్ఠం అంటారు. లండన్‌లో థేమ్స్ గడ్డకట్టిన బొమ్మలు ఈ మాట వెంటే వస్తాయి. కాస్త నిదానించాలి. యూరప్ చల్లబడడం మౌండర్ కనిష్ఠానికి చాలా ముందే మొదలైంది. 1257లో ఇండోనేషియాలో సమలాస్ అగ్నిపర్వతం పేలింది, ఆ తర్వాతా పెద్ద పేలుళ్లు వరసగా వచ్చాయి. ఇక థేమ్స్ సంగతికొస్తే, పాత లండన్ వంతెనకు ఇరుకు కమానులుండి నీటిని నిలబెట్టేవి. నిలిచిన నీరు తొందరగా గడ్డకడుతుంది. 1831లో ఆ వంతెన పడగొట్టాక నది పారుడు మారిపోయింది. గడ్డకట్టిన నది మీద చివరి సంత జరిగింది 1814లో, మౌండర్ కనిష్ఠం ముగిసిన వందేళ్లకు. అయితే సూర్యుడికి వాటా లేదా? ఉంది. ఆ రోజుల్లో శక్తి ఎంత తగ్గిందన్న దానికి 1990లలో 0.2 నుంచి 0.4 శాతం దాకా చెప్పేవాళ్లు. ఇటీవలి అంచనాల్లో ఎక్కువ భాగం 0.1 శాతం చుట్టూనో, అంతకు దిగువనో ఉన్నాయి.

మన గడ్డ మీదికి వస్తే, సూర్యుడికీ వానకూ ముడిపెట్టాలన్న తపన మొదలైందే మన కరువుతో. 1876 ధాత నామ సంవత్సరం. ధాత కరువని పెద్దవాళ్లు చెప్పుకున్నది అదే. బళ్లారి, కర్నూలు, కడప, నెల్లూరు జిల్లాలు ఎండిపోయాయి. మద్రాసు, మైసూరు, బొంబాయి ప్రాంతాల్లో కలిపి లక్షల మంది చనిపోయారు. సూర్యుడి మీద మచ్చలు అప్పుడు తగ్గుతూ వచ్చి 1878 చివర్లో కనిష్ఠానికి దిగాయి. 1877లో బ్రిటిష్ ఖగోళ శాస్త్రవేత్త నార్మన్ లాకియర్, ఇక్కడి ప్రభుత్వ గణాంకాల అధికారి విలియం హంటర్ కలిసి, మచ్చలు తగ్గిన ఏళ్లలోనే మద్రాసుకు వానలు తప్పుతున్నాయని రాశారు. పాలకులకు ఇది ఎంత అనుకూలమైన మాటో చూడండి. కరువు సూర్యుడి నుంచి వచ్చిందంటే, అదే ఏడు రైళ్లలో తరలిపోయిన ధాన్యం గురించి అడిగేవాడుండడు.

ఒక మేలు మాత్రం జరిగింది. సూర్యుడిని రోజూ చూడాలన్న పట్టుదలతో మద్రాసు వేధశాల పని కొడైకెనాల్ కొండ మీదికి మారింది. 1904 నుంచి అక్కడ సూర్యుడి ఫొటోలు గాజు పలకల మీద తీస్తూ వచ్చారు. కాల్షియంకు చెందిన ఒక్క రంగు వెలుగులో తీసిన పలకల్లో ఆ మెరుపు ప్రాంతాలు విడిగా కనిపిస్తాయి. ఉపగ్రహాలు రాకముందు సూర్యుడు ఎంత వెలిగాడో వెనక్కి లెక్కకట్టడానికి ఇవాళ ప్రపంచం వాడుకుంటున్న ఆధారాల్లో అవొకటి.

మచ్చలకూ వానకూ ఉన్న లెక్కను 1904లో వాతావరణ శాఖ పగ్గాలు పట్టిన గిల్బర్ట్ వాకర్ గట్టిగా పరీక్షించాడు. స్వతహాగా గణితం మనిషి. రెండు వరసల అంకెలు ఎంత కలిసి నడుస్తాయో చెప్పే సహసంబంధ గుణకాలు వేయించి చూస్తే మచ్చలతో వచ్చిన ముడి చాలా పలచగా తేలింది, ఏడాది వానను ముందుగా చెప్పడానికి పనికిరాదు. అదే వెతుకులాటలో, పసిఫిక్‌లో ఒకవైపు గాలి ఒత్తిడి పెరిగితే హిందూ మహాసముద్రం వైపు తగ్గే ఊగిసలాట బయటపడింది. పసిఫిక్ నీరు వేడెక్కడాన్ని ఇవాళ మనం ఎల్ నినో అంటున్నాం, దానికి ఇది గాలి వైపు ముఖం. 1877-78 ఎల్ నినో రికార్డుల్లోకెల్లా బలమైన వాటిలో ఒకటి. ధాత కరువు వెనకున్నది పసిఫిక్. సౌర కనిష్ఠం పక్కన నిలబడి పట్టుబడింది, అంతే. అయితే వందల ఏళ్ల లెక్కలో మాట వేరు. ఒమన్ గుహల్లో పేరుకున్న సున్నపు స్తంభాల పొరలు చూస్తే, 9,600 నుంచి 6,100 ఏళ్ల కిందటి మధ్య అక్కడి రుతుపవన వాన, చెట్ల వలయాల్లో దొరికే, సూర్యుడు మందగిస్తే ఎక్కువ పుట్టే కార్బన్-14 చూపే సూర్యుడి తీరు చాలావరకు కలిసి నడిచాయి.

కాస్మిక్ కిరణాల వాదం గురించి క్లుప్తంగా. సూర్యుడు మందగిస్తే అంతరిక్ష కిరణాలు ఎక్కువొస్తాయి, అవి గాలిలో విద్యుత్ కణాలు పుట్టించి మబ్బులు పెంచుతాయి, భూమి చల్లబడుతుంది అని. మొదటి మెట్టు నిజమే. కానీ పుట్టిన రేణువు ఒకటి రెండు నానోమీటర్లుంటే, నీటిచుక్క పట్టాలంటే 50, 100 నానోమీటర్లకు పెరగాలి. చాలావరకు ఆలోపే పెద్ద రేణువులకు అంటుకుపోతాయి. యూరప్ అణు పరిశోధన కేంద్రం సెర్న్‌లో క్లౌడ్ ప్రయోగం తేల్చింది, చక్రంలో వచ్చే కిరణాల మార్పు మబ్బులను చెప్పుకోదగ్గంతగా కదపలేదని. పైగా సుమారు 41,000 ఏళ్ల కిందట భూమి అయస్కాంత క్షేత్రమే బాగా బలహీనపడి కిరణాలు ముమ్మరంగా వచ్చాయి. ఆ కిరణాల వల్ల గాలిలో పుట్టే బెరిలియం-10 మంచు పొరల్లో ఎగిసింది గానీ వాతావరణం దానికి తగ్గట్టు కదల్లేదు.

మీలో లెక్కలు వేసుకునేవాళ్ల కోసం కొన్ని హెచ్చరికలు. మచ్చల సంఖ్య బ్రస్సెల్స్‌లోని బెల్జియం రాయల్ అబ్జర్వేటరీ నుంచి దొరుకుతుంది. 2015లో ఆ పట్టికను మార్చారు. అంకెలన్నిటినీ తగ్గించే పాత 0.6 గుణకం తీసేయడంతో అంకెలు ఒకటిన్నర రెట్లకు పైగా పెరిగాయి. 2015 దాకా పాత పట్టిక, తర్వాత కొత్త పట్టిక అతికిస్తే సూర్యుడు ఒక్కసారిగా ఉరికినట్టు వస్తుంది. రెండోది, పదమూడు నెలల సగటు. మొదటి నెలకూ చివరి నెలకూ సగం బరువు, మధ్య పదకొండుకూ పూర్తి బరువు, మొత్తాన్ని 12తో భాగించాలి. చివరి ఆరు నెలలకు విలువ రాదు. రాదు కాబట్టి ఖాళీగా వదిలేయాలి. అక్కడ సగటు తీయని అంకెలు పెట్టి గీత పొడిగిస్తే ఏమవుతుందో 1991 నాటి ఒక ప్రసిద్ధ గ్రాఫు చూపించింది. చక్రం పొడవు, ఉష్ణోగ్రత అచ్చు కలిసి నడిచినట్టు వచ్చిన ఆ గీతలో చివరి బిందువులకు సగటు పూర్తిగా వేయలేదు. సరిచేస్తే కొస వంగిపోయింది, పొందిక పోయింది.

మూడోది అగ్నిపర్వతాలు. 1982లో ఎల్ చిచోన్, 1991లో పినటుబో పేలాయి, రెండూ సౌర గరిష్ఠాలు ముగుస్తున్న సమయంలోనే. గంధకపు పొగ చల్లబరిచిన రెండేళ్లూ సూర్యుడు తగ్గుతున్న ఏళ్లతో కలిసిపోయాయి. పొగ లెక్క, ఎల్ నినో లెక్క విడిగా తీయకపోతే ఆ చలి అంతా సూర్యుడి ఖాతాలో పడుతుంది, ప్రభావం ఉన్నదానికన్నా పెద్దగా కనిపిస్తుంది. నాలుగోది, ఉపగ్రహ కొలతల్లో చక్రాలు నాలుగుకు కాస్త పైన. నెలవారీ అంకెలు ఐదు వందలున్నాయి కదా అని ధీమా పడొద్దు, నిజానికి చేతిలో ఉన్నవి నాలుగు ఉదాహరణలే.

ఒక గుర్తు ఏ లెక్కా లేకుండా చూడొచ్చు. సూర్యుడే వేడెక్కిస్తుంటే పైనున్న స్ట్రాటోస్ఫియర్ కూడా వేడెక్కాలి. 1979 నుంచి ఉపగ్రహాలు చూస్తున్నది, కింద వేడెక్కుతోంది, పైన చల్లబడుతోంది.

ఇక ప్రశ్నలు అడగండి.

ప్రశ్న: మళ్లీ మౌండర్ కనిష్ఠం లాంటిది వస్తే భూతాపం ఆగుతుందా?

ఆగదు. అలాంటిదే వచ్చి ఈ శతాబ్దమంతా ఉన్నా తగ్గేది 0.3 డిగ్రీలకు మించదని లెక్కలు చెబుతున్నాయి. ఇప్పుడు దశాబ్దానికి 0.2 డిగ్రీల దాకా పెరుగుతోంది. అంటే పదిహేనేళ్ల పెరుగుదలకు సరి.

ప్రశ్న: 2024 మేలో పెద్ద సౌర తుఫాను వచ్చిందన్నారు. ఆ ఏడాది ఎండలకు అదే కారణమా?

ఆ తుఫానుకు లడఖ్‌లోని హాన్లేలో ఆకాశం ఎర్రబారడం కెమెరాలకు చిక్కింది, నిజమే. ఆ శక్తి 100 కిలోమీటర్ల పైన పలచటి గాలిలో ఖర్చయిపోతుంది. అక్కడ గాలి ఉబ్బి ఉపగ్రహాలకు రాపిడి పెరుగుతుంది, రేడియో, జీపీఎస్ తడబడతాయి. మీ డాబా మీది థర్మామీటరుకు తెలియను కూడా తెలియదు.

ప్రశ్న: మన ఆదిత్య-ఎల్1 ఈ 1361 వాట్లను కొలుస్తుందా?

కొలవదు. 2023 సెప్టెంబరు 2న శ్రీహరికోట నుంచి వెళ్లిన ఆ నౌకలో ఏడు పరికరాలున్నాయి, మొత్తం శక్తిని తూచే గుంత వాటిలో లేదు. కానీ సూట్ అనే టెలిస్కోపు ఉంది. 200 నుంచి 400 నానోమీటర్ల మధ్య పదకొండు ఫిల్టర్లతో సూర్యుడి పూర్తి బింబాన్ని ఫొటో తీస్తుంది. ఇందాక ఓజోన్ గురించి చెప్పుకున్నామే, సరిగ్గా ఆ కిరణాలే. ఏ మచ్చ దగ్గర, ఏ మెరుపు చాలు దగ్గర అతినీలలోహితం ఎంత పెరిగిందో విడివిడిగా చూడొచ్చు. నౌక ఆయుష్షు ఐదేళ్లని పెట్టుకున్నారు. ఇప్పటి చక్రం 2024లో గరిష్ఠానికి చేరింది, కనిష్ఠం 2030 ప్రాంతంలో రావాలి. గరిష్ఠం ఫొటోలు చేతికొచ్చాయి. కనిష్ఠం ఫొటోలు కూడా అదే టెలిస్కోపుతో దొరకాలంటే అది అనుకున్న ఆయుష్షు దాటి పనిచేయాలి.